పెరియకుళం నెత్తిన హిమాలయాల చుట్టం

తమిళనాడులోని పెరియకుళం సముద్రమట్టానికి సుమారు 280 మీటర్ల ఎత్తులో ఉంది. ఉత్తరాన నిటారుగా లేచిన పళని కొండల మీది కొడైకెనాల్ 2,100 మీటర్ల పైమాటే. రోడ్డు చుట్టూ తిరిగి వెళ్తుంది గానీ, పటం మీద గీత గీసి కొలిస్తే రెండూళ్ల మధ్య దూరం 15 కిలోమీటర్లు దాటదు. వెయ్యి మీటర్లు ఎక్కితే ఆరున్నర డిగ్రీల వేడి తగ్గుతుందన్నది ఉజ్జాయింపు లెక్క. ఆ లెక్కన కింద మామిడితోటలో కండువాతో చెమట తుడుచుకునే వేళకి పైన స్వెటర్ వెతుక్కుంటారు. ఆ చలిలో, గడ్డి వాలుల అంచున, హిమాలయాల నుంచి తప్పిపోయి వచ్చినట్టున్న చెట్టు ఒకటుంది. వంకర కొమ్మలు, దళసరి బెరడు, చలికాలం చివర్లో గుత్తులు గుత్తులుగా నెత్తుటి ఎరుపు పూలు. దాని పేరు రోడోడెండ్రాన్. మున్నార్ వైపు మలయాళీలు కాట్టు పూవరశు అంటారు. తూర్పు కనుమల్లో ఇది పెరగదు కాబట్టి మనకు దీనికంటూ సొంత పేరు లేకుండా పోయింది.

అయినవాళ్లు ఎంత దూరంలో ఉన్నారు?

రోడోడెండ్రాన్ ప్రజాతిలో వెయ్యికి పైగా జాతులున్నాయి. అందులో దక్షిణ భారతానికి దక్కింది ఒక్కటే. దాని శాస్త్రీయ నామం రోడోడెండ్రాన్ ఆర్బోరియం, ఉపజాతి నీలగిరికమ్. నీలగిరులు, ఆనైమలై, మున్నార్ ఎత్తులు, పళని కొండలు దాని ఇల్లు. శ్రీలంకలో నువర ఎలియా, హార్టన్ మైదానాల వైపు మరో ఉపజాతి ఉంది. మిగతా బలగమంతా హిమాలయాల్లోనూ ఈశాన్య రాష్ట్రాల కొండల్లోనూ ఉంది. పళని కొండల నుంచి అక్కడికి దాదాపు 2,000 కిలోమీటర్లు. ఈ మధ్యలో ఉన్న నేల మీద, అంటే మన రెండు తెలుగు రాష్ట్రాలతో సహా, అడవిలో తనంతట తాను మొలిచిన రోడోడెండ్రాన్ లేదు.

మరి అంత దూరం ఎలా వచ్చినట్టు? మంచు యుగాల్లో చలి దక్షిణానికి పాకినప్పుడు చలిని ఇష్టపడే మొక్కలూ జంతువులూ దిగువకి వచ్చాయనీ, మళ్లీ వేడెక్కాక కొండ శిఖరాల మీద మాత్రమే మిగిలాయనీ ఒక వివరణ ఉంది. హిమాలయాల చేపలకీ పడమటి కనుమల చేపలకీ పోలికలు చూసిన సుందర్‌లాల్ హోరా, వింధ్య, సాత్పురా కొండల వరుసే ఒకప్పటి బాట అని ప్రతిపాదించారు. దాన్నే సాత్పురా సిద్ధాంతం అంటారు. ఒప్పుకునేవాళ్లూ ఉన్నారు, కొట్టిపారేసేవాళ్లూ ఉన్నారు. చెట్టు మాత్రం ఈ తగువులేవీ పట్టకుండా ఏటా పూస్తోంది.

చుట్టరికం చెప్పేటప్పుడు తొందరపడకూడదనడానికి ఇదే కొండల్లో సాక్ష్యముంది. నీలగిరి తహర్ అనే అడవిమేకను చాలాకాలం హిమాలయ తహర్‌కు తోబుట్టువనే అనుకున్నారు. 2005లో జన్యువులు పరిశీలిస్తే అది గొర్రెలకు దగ్గరని తేలింది. దానికి విడిగా ప్రజాతినే కట్టాల్సి వచ్చింది. రోడోడెండ్రాన్ చుట్టరికం అలా తారుమారు కాలేదు. ఇప్పటికీ హిమాలయాల చెట్టుకు ఉపజాతిగానే నిలిచింది.

ఈ సందర్భంలో కొండ కింది మనవాళ్ల సంగతి ఒకటి చెప్పుకోవాలి. మదురైలో 1529లో విశ్వనాథ నాయకుడి ఏలుబడి మొదలయ్యాక 72 పాళెయాలు ఏర్పడ్డాయి. వాటిలో ఎన్నో తెలుగు మాట్లాడే నాయకులవి. పళని కొండలకు ఉత్తరాన ఉన్న విరూపాక్షి పాళెయమూ అలాంటిదే. దాని పాళెయగాడు గోపాల నాయకుడు ఈస్టిండియా కుంఫిణీ మీద తిరగబడి 1801లో ఉరికంబమెక్కాడు. బడిలో, బజారులో తమిళం, ఇంట్లో తెలుగు అన్న బతుకు ఈ తాలూకాల్లో తరాలుగా నడుస్తోంది. వచ్చి అయిదొందల ఏళ్లయిందని మనం గొప్పగా చెప్పుకుంటాం. పైనున్న ఎర్రపూల చెట్టు ముందు ఆ లెక్క నిన్నటి మాట.

బొమ్మ గీసింది మనవాళ్లే

స్కాట్లాండ్ నుంచి 1819లో మద్రాసు వచ్చిన కుంఫిణీ వైద్యుడు రాబర్ట్ వైట్. రోగుల కంటే మొక్కల మీద ధ్యాస ఎక్కువ. ఆయన 1836లో పళని కొండలెక్కి, చూసినదంతా మరుసటి ఏడాది మద్రాసులో అచ్చయ్యే సాహిత్య విజ్ఞాన పత్రికలో రాశాడు. ఆ వ్యాసం శీర్షికలో ఈ కొండల్ని వరాహగిరి అన్నాడు. పెరియకుళం గుండా పారే ఏటి పేరు వరాహనది. పర్యాటక కరపత్రాల్లో కనిపించకుండా పోయిన ఆ పాత కొండ పేరును ఏరు ఇంకా మోస్తోంది.

వైట్ దగ్గర ఇద్దరు చిత్రకారులు పనిచేశారు. మొదట రంగయ్య, తర్వాత గోవిందు. తంజావూరు చిత్రకళతో సంబంధమున్న తెలుగువాళ్లని ఆ చరిత్ర తవ్వినవాళ్లు చెబుతారు. కోసి తెచ్చిన కొమ్మ వాడిపోయేలోపు రంగులతో దించడం, పువ్వును నిలువునా చీల్చి లోపలి భాగాలు పక్కనే విడివిడిగా గీయడం వాళ్ల పని. రాతి అచ్చు విద్యను వైట్ తానే నేర్చుకుని ఆ బొమ్మల్ని మద్రాసులోనే ముద్రించాడు. ‘ఐకోనెస్ ప్లాంటారమ్’ పేరుతో 1853 వరకు వెలువడిన ఆ ఆరు సంపుటాల్లో 2,101 పలకలున్నాయి. నీలగిరి మొక్కలకు విడిగా ‘స్పిసిలీజియం నీల్‌గెరెన్సె’ అని రంగుల పుస్తకం తెచ్చాడు. దక్షిణాది రోడోడెండ్రాన్ వీటిలో చోటు చేసుకుంది.

1842 నుంచి వైట్ మకాం కోయంబత్తూరు. అమెరికా పత్తిని ఈ నేలలో పండించే ప్రయోగాలకు కుంఫిణీ ఆయన్ని పెద్దగా వేసింది. పగలు పత్తి లెక్కలు, తీరిక దొరికితే మొక్కల బొమ్మలు. ఆ ఏళ్లలో ఆయనకు బొమ్మలు గీసింది గోవిందు. తన చిత్రకారుడి మీద గౌరవంతో వైట్ ఒక ఆర్కిడ్ ప్రజాతికి గోవిందూయా అని పేరు పెట్టాడు. వృక్షశాస్త్ర నియమాల ప్రకారం ఆ మొక్క ఇప్పుడు ట్రోపిడియా అనే పాత ప్రజాతిలో కలిసిపోయింది. పేరు పోయినా పెట్టిన గౌరవం అచ్చులో ఉంది. ఆ రోజుల్లో తెల్లదొరల పుస్తకాల్లో మన చిత్రకారుల పేర్లు కనిపించడమే అరుదు. ఆ విషయంలో వైట్‌ను మెచ్చుకోవాల్సిందే. 2007లో ఎడిన్‌బరో బొటానిక్ గార్డెన్ వైట్ మీద వెలువరించిన పుస్తకం పేరులోనే రంగయ్య, గోవిందు ఇద్దరూ ఉన్నారు.

నీలగిరికమ్ అని నామకరణం చేసింది మాత్రం ఊటీ ఎలా ఉంటుందో చూడని ఒక జర్మన్ ఆచార్యుడు. జేనా నగరంలో ఉండే జెంకర్‌కు నీలగిరుల్లో ఉన్న మిషనరీ ష్మిడ్ ఎండిన కొమ్మలు పంపేవాడు. 1830లలో వాటిని చూసి పేరు పెట్టేశాడు.

కృష్ణమ్మ నాయకుని తోపు

కొడైకెనాల్‌లో మొదటి బంగళాలు కట్టింది మదురైలోని అమెరికన్ మిషన్ వాళ్లు, 1845లో. కింద జ్వరాలకూ కలరాకూ పిల్లాపాపల్ని పోగొట్టుకుని పైకి పారిపోయారు. రైలొచ్చిన తర్వాత దిగే స్టేషను అమ్మయనాయకనూరు, ఇప్పటి కొడై రోడ్. అక్కడి నుంచి ఎడ్లబండి మీద రాత్రంతా ప్రయాణించి పెరియకుళం దాటి కొండ అడుగుకు చేరేవాళ్లు. ఆ మజిలీ పేరు కృష్ణమ్మ నాయకుని తోపు. అది మనవాళ్ల పేరని వేరే చెప్పక్కర్లేదు. అక్కడ గుర్రమెక్కడమో, కూలీల భుజాల మీది కుర్చీలో కూర్చోవడమో, లేదా కాళ్లను నమ్ముకోవడమో. బత్తలగుండు వైపు నుంచి ఘాట్ రోడ్డు 1914లో పూర్తయ్యేదాకా కొడైకెనాల్‌కు పెరియకుళమే వాకిలి. దొరల పియానోలు కూడా మనుషుల భుజాల మీదే ఎక్కాయంటారు. మోసినవాళ్ల పేర్లు ఏ పుస్తకంలోనూ లేవు.

వాకిలి మారినా పెరియకుళం పేరు తెలుగు రైతు నోట ఇప్పటికీ ఉంది, తెలియకుండానే. ఏడాది మునగ వేసేవాళ్లు అడిగే ‘పీకేఎం-1’ రకంలో పీకేఎం అంటే పెరియకుళమే. అక్కడి ఉద్యాన పరిశోధన కేంద్రం 1989లో విడుదల చేసింది.

నిప్పుకీ మంచుకీ జంకదు

కొండ పైభాగంలో అడవి, గడ్డి పక్కపక్కనే ఉంటాయి. మడతల్లో, నీటి వాలుల్లో చిక్కటి పొట్టి అడవి. దాన్నే షోలా అంటారు. దాని బయట నున్నగా జారే గడ్డి వాలు. ఎందుకిలా? షోలా చెట్ల విత్తనాలు గడ్డిలో పడి మొలిచినా శీతాకాలం రాత్రుళ్లు నేల మీద పేరుకునే మంచుకు మాడిపోతాయి. మిగిలినవి ఎండాకాలం నిప్పుకు పోతాయి. రోడోడెండ్రాన్ మాత్రం ఆ గడ్డిలోనే ఒంటరిగా నిలబడుతుంది. దాని బెరడు వేలు దూరేంత పగుళ్లతో బిరుసుగా ఉంటుంది. నిప్పు కింద గడ్డిని కాల్చేసి పోయినా లోపలి ప్రాణం దక్కుతుంది. ఆకు పైన నిగనిగ, తిప్పి చూస్తే వెనకంతా లేత గోధుమరంగు నూగు. వేలితో రాస్తే మందపాటి ఉన్ని గుడ్డ తగిలినట్టుంటుంది. చలిగాలికి, పగటి ఎండకి నీరు ఆవిరి కాకుండా ఆ నూగు కాస్తుంది.

ఈ గడ్డి వాలులు తెల్లవాళ్లో, పశువులు కాసేవాళ్లో అడవి నరికితే ఏర్పడ్డవని చాలామంది నమ్మేవారు. నీలగిరుల్లోని బురదనేలల పొరలు తవ్వి, అందులోని కర్బనాన్ని పరిశీలించి ఆర్. సుకుమార్ బృందం 1993లో ‘నేచర్’ పత్రికలో రాసిన వ్యాసం ఆ నమ్మకాన్ని దెబ్బతీసింది. గడ్డి అక్కడ వేల ఏళ్లుగా, మంచు యుగం నాటి నుంచీ ఉంది.

పూవు లోపల

ఒక్కో గుత్తిలో పదిహేను, ఇరవై పూలు. ఒక పూవును చేతిలోకి తీసుకుంటే గంట ఆకారం, అయిదు రెక్కలు, అడుగున ముదురు ఎరుపులో చిన్న చిన్న తేనె గుంటలు. కేసరాలు పది. వాటి కొనన ఉన్న పుప్పొడి సంచి చాలా పూలలో మాదిరిగా నిలువునా చీలదు. చివర రెండు రంధ్రాలు తెరుచుకుంటాయి, అంతే. ఆ రంధ్రానికి గడ్డిపరక తగిలించి మెల్లిగా లాగితే పుప్పొడి దారాలు దారాలుగా బయటికి వస్తుంది. రేణువులు నాలుగేసి జట్టుగా ఉండి, వాటి మధ్య సన్నని జిగురు పోగులుంటాయి. తేనె కోసం ముక్కు పెట్టిన పిట్ట తలకు ఆ పోగు తగులుకుంటే సంచిలో ఉన్నదంతా ఒక్క లాగున వచ్చేస్తుంది. ఎర్రరంగు, ఎక్కువ తేనె, వాసన లేకపోవడం. ఈ మూడూ పిట్టల కోసం చేసుకున్న ఏర్పాట్లు. తేనెపిట్టలు వాలినప్పుడు నుదుటి మీద పసుపు పొడి కనిపిస్తే అది అక్కడిదే.

విత్తనమైతే కంటికి ఆనేంత కూడా ఉండదు. కాయ ఎండి పగిలితే గాలే తీసుకుపోతుంది.

ఆ తేనె తాగి సైన్యాలే పడ్డాయి

ఈ ప్రజాతిలోని చాలా చెట్లలో గ్రయనోటాక్సిన్ అనే విషం ఉంటుంది. మేకలు ఆకులు మేస్తే నురగలు కక్కుతాయి. క్రీస్తుపూర్వం 401లో గ్రీకు సైనికులు నల్లసముద్రం ఒడ్డున ట్రెబిజాండ్ దగ్గర దొరికిన తేనెపట్లన్నీ ఖాళీ చేశారు. కొద్దిగా తాగినవాళ్లు తూలారు, ఎక్కువ తాగినవాళ్లు నేలకరిచారు, మూడు నాలుగు రోజులకు గానీ లేవలేదు. సేనాని జెనొఫోన్ తన పుస్తకంలో దీన్ని రాశాడు. అదే ప్రాంతంలో రోమన్ సేనాని పాంపే దళాలకైతే స్థానికులు ఆ తేనెను కావాలనే దారిలో పెట్టారు. తాగి పడిపోయినవాళ్లను నరికేశారని స్ట్రాబో చెబుతాడు. ఆ తేనె అక్కడి వేరే రోడోడెండ్రాన్ జాతులది. టర్కీలో దాన్ని ఇప్పటికీ పిచ్చితేనె అనే పిలుస్తారు. నేపాల్ గురుంగులు కొండచరియల మీద తాళ్లకు వేలాడి తీసేదీ ఆ బాపతే. రక్తపోటు పడిపోయి, గుండె వేగం తగ్గి ఆస్పత్రుల పాలైనవాళ్ల గురించి వైద్య పత్రికల్లో బోలెడు కేసులున్నాయి. ఇంటర్నెట్‌లో దీన్ని మందని అమ్ముతుంటారు. కొనకపోవడమే మేలు.

ఆర్బోరియం పూలతో మాత్రం ఉత్తరాఖండ్‌లో బురాన్ష్ షర్బత్ చేసి సీసాల్లో అమ్ముతారు. అక్కడ అది వేసవి పానీయం. పళని కొండల్లో అలాంటి అలవాటు లేదు.

పంచదారలో ప్రయాణం

1796లో గఢ్వాల్ వైపు వెళ్లిన కెప్టెన్ హార్డ్‌విక్ ఈ చెట్టును మొదట యూరప్ కంట పెట్టాడు. విత్తనాలు ఇంగ్లండుకు చేరడమే కష్టమైంది. ఓడలో నెలల తరబడి తేమకు బూజు పట్టిపోయేవి. కలకత్తా తోట అధికారి వాలిచ్ ఉపాయం కనిపెట్టాడు. ముడి పంచదారలో కప్పెట్టి డబ్బాల్లో పంపితే మొలకెత్తాయి. 1825లో హాంప్‌షైర్‌లోని ఒక ఎస్టేటులో మొదటిసారి పూసింది. ఇవాళ యూరప్ తోటల్లో కనిపించే ఎర్ర రోడోడెండ్రాన్ సంకర రకాల్లో చాలావాటి ఎరుపు ఈ హిమాలయ చెట్టు ఇచ్చిందే.

నర్సరీల్లో కుండీల్లో అమ్మే అజేలియా కూడా ఈ ప్రజాతిదే. పులుపు నేల, చల్లటి వేళ్లు కోరే మొక్క కాబట్టి విజయవాడ ఎండలో రెండో వేసవి చూడదు. డబ్బులు దండగ.

నాగాలాండ్‌లోని జాప్‌ఫు కొండ మీద 108 అడుగుల రోడోడెండ్రాన్ గిన్నిస్ పుస్తకంలోకి ఎక్కింది. కొడైకెనాల్‌వి అందులో మూడోవంతుకు వస్తే గొప్పే.

బోర్నియో, న్యూగినీ, ఫిలిప్పీన్స్ కొండల్లో ఈ ప్రజాతికే చెందిన వైరేయా అనే శాఖ ఉంది. సుమారు 300 జాతులు. చాలావాటికి నేలే అక్కర్లేదు, పెద్ద చెట్ల కొమ్మల మీది నాచులో వేళ్లూనుకుంటాయి.

నేపాల్ జాతీయ పుష్పం, ఉత్తరాఖండ్ రాష్ట్ర వృక్షం, నాగాలాండ్ రాష్ట్ర పుష్పం అన్నీ ఆర్బోరియమే.

కురింజికి దక్కిన పేరు దీనికి రాలేదు

కొడైకెనాల్ అనగానే అందరూ నీలకురింజి అంటారు. పన్నెండేళ్లకొకసారి పూసి చచ్చిపోతుంది. 2006లో, 2018లో పూసింది, మళ్లీ 2030లో. దానికి 1936లో కట్టిన గుడి కూడా ఉంది. ఏటా పూసేదాన్ని ఎవరు పట్టించుకుంటారు? పట్టించుకున్నవారిలో పెద్ద పేరు జెసూట్ ఫాదర్ కె. ఎం. మాథ్యూ. తిరుచ్చి రాపినాట్ హెర్బేరియంలో కూర్చుని, ఈ కొండలన్నీ కాలినడకన తిరిగి, 1999లో ‘ఫ్లోరా ఆఫ్ ది పళ్ని హిల్స్’ మూడు సంపుటాలుగా తెచ్చారు.

ఆ పుస్తకం వచ్చేనాటికే కొండ చాలా మారిపోయింది. ఇరవయ్యో శతాబ్దంలో అటవీశాఖ ఈ గడ్డి వాలుల్ని ‘ఖాళీ భూమి’గా లెక్కగట్టి, తోలు పరిశ్రమకు బెరడనీ, కలపనీ, గుజ్జనీ వాటిల్, యూకలిప్టస్, పైన్ చెట్లు నాటించింది. ఉపగ్రహ చిత్రాలతో లెక్క చూసిన శాస్త్రవేత్తలు 2018లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, నాలుగు దశాబ్దాల్లో పళని కొండల గడ్డి మైదానంలో మూడింట రెండు వంతులు పోయింది. అడవి నరికితే గోల చేసే మనం, అడవి నాటితే మాత్రం చప్పట్లు కొట్టాం. నిప్పుకూ మంచుకూ తట్టుకున్న రోడోడెండ్రాన్‌కు వాటిల్ నీడ మాత్రం సరిపడదు. ఎండ పడని చోట పూత తగ్గుతుంది, పిల్లమొక్క లేవదు. నాటినవి తీసేస్తే సరిపోతుందా అంటే, వాటిల్ విత్తనాలు నేలలో ఏళ్ల తరబడి నిద్రపోయి, నరికిన చోటే గుంపుగా లేస్తాయి. 2013లో సుమారు 609 చదరపు కిలోమీటర్ల మేర కొడైకెనాల్ వన్యప్రాణి అభయారణ్యం ప్రకటించారు. గడ్డిని గడ్డిగానే కాపాడాలన్న మాట అధికారుల నోట వినిపించడం ఈ మధ్యే మొదలైంది. ఆలస్యమైనా మంచిదే.

చూడాలనుకునేవాళ్లు జనవరి నుంచి మార్చి మధ్య వెళ్లండి. 1908లో మొదలైన బ్రయంట్ పార్కులో దొరికేది పెంచిన పూల అందం. అడవి చెట్టు కావాలంటే బేరిజం చెరువు వైపు పోవాలి, దానికి అటవీశాఖ అనుమతి ముందే తీసుకోవాలి. గుత్తి ఎంత ఎర్రగా ఊరించినా కోయకండి. అది అభయారణ్యం. మద్రాసు హైకోర్టు ఆదేశంతో 2024 మే 7 నుంచి కొడైకెనాల్‌కు వచ్చే పర్యాటకుల వాహనాలకు ఈ-పాస్ పెట్టారు. బయలుదేరే ముందు అదీ చూసుకోండి.